మార్జిన్

మట్టెవాడల రాసిన, ధర్మసాగర్‌ల రాసిన,
ఇప్పుడు ఇంతెజార్‌గంజ్ టేషన్ల రాస్తున్న.
ఇంతెజార్ అంటే ఎదురుచూసుడు.
ఎరికుండే వచ్చిన ఈడికి.

ఇరవై నాలుగేండ్ల సంది రాతపని నాదే.
ఎనుమాముల యార్డుల కాంట మోసమని ఒకరు,
తమ్ముడు హద్దురాయి జరిపిండని ఒకరు,
మెడల గొలుసు తెంపుకపోయిండ్రని ఒకామె.
వాళ్ళు ఏడ్చుకుంట చెప్తరు.
నేను ఎడమ దిక్కు మార్జిన్ ఇడిచి
'అయ్యా, నమ్రతతో మనవి చేయునది' అని మొదలుపెడత.
వాళ్ళ ఏడుపు నా దస్తూరిల ఆరిపోతది.

ఇయ్యాల నా అర్జీ నేనే రాసుకోవాలె.
చాయ్ సల్లారింది. కాయితం ఇంక తెల్లగనే ఉన్నది.

పేరు మొగిలి, తండ్రి సమ్మయ్య,
నంబర్ పదకొండు వందల నలభై ఏడు.
చేరిననాడు కానిస్టేబులే, ఇయ్యాల కానిస్టేబులే.
నా ఎస్సై మేడం నేను చేరిన యేడు పుట్టిందట.
ఆమె లోపలికొస్తే లేచి సెల్యూట్ కొడత,
ఆమె నా మోకాళ్ళ దిక్కు చూసి
కూసోండి రైటర్ గారూ అంటది.

కుర్చీ మారకున్నా జీతం మారాలని
సర్కారే జీవో తీసింది:
ఆరేండ్లకొక మెట్టు, పన్నెండేండ్లకొక మెట్టు, పద్దెనిమిదికి ఇంకోటి.
బిచ్చం గాదు, బక్షీస్ గాదు.
నిలబెట్టిన కాడనే నిలబడ్డందుకు
కాళ్ళకిచ్చే కిరాయి.

ఆరేండ్లది వచ్చింది.
పన్నెండేండ్లది వచ్చింది, పదిహేనో యేడు.
పద్దెనిమిదేండ్లది హన్మకొండల,
కమిషనరాఫీసు జీతాల సెక్షన్ల
తస్లీం మేడం బీరువల ఆగింది.

నిన్న పోయిన.
ఆమె సర్వీసు రిజిస్టర్ తెరిచి, అద్దాలు నెత్తి మీదికి జరిపి,
ఒక కాయితం మీద వేలు పెట్టింది.
"నువ్వు ప్రమోషన్ వద్దన్నవట గద, మొగిలీ.
వద్దన్నోళ్ళకు స్కేలు రాదు."

చూసిన.
ఎడమ దిక్కు మార్జిన్ ఉన్నది.
'అయ్యా, నమ్రతతో మనవి చేయునది.'
దస్తూరి నాదే.

అది పదిహేడో యేడు.
మేడారం బందోబస్తుల పదకొండు రోజులు
జంపన్నవాగు నీళ్ళల్ల బూట్లు నానినయి.
తిరిగొచ్చేసరికి హెడ్డు ఆర్డరు, ఏటూరునాగారం పొమ్మని.
రాజేశ్వరికి వారానికి మూడుసార్లు ఎంజీఎంల డయాలసిస్.
సీఐ సారు భుజం మీద చెయ్యేసి,
ఆరు నెలలు ఆగుతనని రాసియ్యి, తర్వాత నేను చూస్త అన్నడు.
ఆగుతననే రాసిన అనుకున్న.
చెయ్యి దానికి అలవాటైన మాట అది రాసింది:
'స్వచ్ఛందముగా వదులుకొనుచున్నాను.'

సారు బదిలీ మీద పోయిండు.
రాజేశ్వరి పోయి అయిదేండ్లు.
కాయితం మాత్రం ఎక్కడికీ పోలే.

రాత్రి నిద్ర పట్టలే.
రావాల్సిన పైసలు లెక్కపెడదామని కూసున్న,
లెక్క ఇంకో దిక్కు పోయింది.
ఎంతమంది నోటి మాటను ఇట్ల నా చెయ్యి మార్చిందో.
శివనగర్ సారమ్మ నిలవడ్డది మతికొచ్చింది,
చెవు కాడ నెత్తురు గడ్డకట్టి ఉన్నది,
"కట్టెతోని కొట్టిండు సారూ" అన్నది.
'మాటామాటా పెరిగి స్వల్ప తోపులాట జరిగినది' అని రాసిన.
చదివి వినిపించిన గూడ.
నాకంటే నీకే మంచిగ తెలుస్తది బిడ్డా అని
వేలిముద్ర ఏసి పోయింది.

ఇప్పుడు రాస్తున్న.
మార్జిన్ ఇడువలే, మనవి అనలే.
'నేను వద్దనలేదు. ఆగుత అన్న. ఆగిన.
ఆగినదానికి రావాల్సింది ఇయ్యండి.'
సంతకం, నంబరు, తారీఖు.

సగం కాయితం ఇంక ఖాళీగనే ఉన్నది.
శివనగర్ల, రైలు పట్టాల దిక్కు,
మూడో గల్లా, నాలుగో గల్లా,
సారమ్మ ఇల్లు ఏదో యాది చేసుకుంటున్న.