ఙ తో మొదలయ్యే ఊరు

చిన్నప్పటి వాచకంలో
ఙ పక్కన బొమ్మ ఉండేది కాదు.
మాస్టారు దాన్ని దాటేసి
చ అంటే చక్రం అనేవారు.
ఏ మాటకీ ముందు నిలబడదు,
పనిలేకున్నా రోజూ హాజరు పలికే అక్షరం.

దానికి పని దొరికిన చోటు చెప్తాను.

దక్షిణ ఆస్ట్రేలియాలో, కోసేసిన గోధుమ మోళ్ల మధ్య
థర్‌స్టన్ వెల్స్ అని ఒక ఊరు.
థర్‌స్టన్ ఎవరంటే
ఒకానొక గవర్నరు బావమరిది అంటారు.
ఆయన ఓడ ఎక్కనే లేదు.
పేరొక్కటే వచ్చి దిగింది.

జనవరి. నలభై మూడు డిగ్రీలు.
రేకుల షెడ్డులో క్లెమ్ పెంగెల్లీ
డెబ్భై ఒక్కేళ్ల మణికట్టుని కర్రమీద ఆనించి
బోర్డు రాస్తున్నాడు.
మొదటి బోర్డు రాసింది వాళ్ల తాత.
లెడ్జరులో ఉంది:
ఊరి పేరు, రెండు కోటింగులు, ఏడు షిల్లింగులు.
అంతకుముందు ఊరికి పేరుందా అనడానికి
లెడ్జరులో గడి లేదు.

ఇప్పుడు కౌన్సిల్ తీర్మానించింది, ఐదుకి ఆరు ఓట్లతో:
పాత పేరు కింద
మరీ పాత పేరు కూడా ఉండాలి.
కింద. కాస్త చిన్న అక్షరాల్లో.
ఖర్చు రోడ్ల పద్దులో.

ఎల్వా డిక్సన్ ఫ్లాస్కుతో వచ్చింది.
ఊరందరికీ ఆంటీ ఎల్వా.
డిక్సన్ అన్నది గొర్రెల దొర పేరు.
వాళ్ల నాయనమ్మ ఆయన బట్టలుతికితే
జీతానికి బదులు ఇచ్చినవి
పిండి, చక్కెర, టీ పొడి, ఆ పేరు.
మనం దాన్ని ఇంటిపేరు అంటాం.
ఏ ఇంటిదో అడగం.

"చదువు" అంది.
క్లెమ్ ఎన్ మీద కాలు మోపి జి దగ్గర జారాడు.
"రెండు కాదు, ఒకటే శబ్దం.
నాలుక వెనక్కి లాగు. ముక్కులోంచి రానీ."
"మాకది చివర్న వస్తుంది, ఆంటీ.
కింగ్ అంటామే, దాని తోకలో."
"మాకు అక్కడే మొదలు.
నేను అనాలన్నా దానితోనే."

ఎండకి పైరేకు టప్పుమంది.

ఈ నేలమీద అతను
పుట్టినప్పటినుంచీ నేను అంటూనే ఉన్నాడు.
బడిలో జెండా కింద,
ఏప్రిల్ చీకట్లో సైనికుల స్తంభం దగ్గర టోపీ తీసి,
క్రికెట్ గెలిచిన రాత్రి పబ్బులో
మేము, మేము అని బల్ల గుద్ది.
లేక మనం అన్నాడో.
అతని భాషలో రెండింటికీ ఒకటే మాట.
ఎవరు లోపల, ఎవరు గుమ్మం బయట
చెప్పకుండానే పండగ చేసుకోవచ్చు.
ఎప్పుడూ నోరు తిరగకపోవడమన్నది లేదు.
ఇవాళ బ్రష్షు పట్టుకుని
ఒక్క ధ్వని ముందు
పలక పట్టిన పిల్లాడిలా ఆగిపోయాడు.

ప్రయత్నించాడు.
"ఎముక అడ్డంపడ్డ కుక్కలా ఉంది" అని ఎల్వా నవ్వి
టీ పోసింది.
ఇంక సరిదిద్దలేదు. అలిసిపోయిందో, జాలిపడిందో.
క్లెమ్ సుద్దగీతలు చెరిపాడు,
మళ్లీ కొలిచి గీశాడు.
రెండు పేర్లూ ఒకే ఎత్తున వచ్చాయి.
దానిమీద కౌన్సిల్లో రెండు సమావేశాలు నడిచాయి.

ఆ పేరు ఇక్కడ రాయను.
ఎల్వాని అడగలేదు.

బోర్డు పాతిన రెండో వారం
ఎవరో రాత్రిపూట కారాపి తుపాకీ పేల్చారు.
పై పేరుకి గీత పడలేదు.
కింది పేరులో తొమ్మిది చిల్లులు.

క్లెమ్ నిచ్చెనేసుకుని పుట్టీ నింపాడు.
చిల్లుకొక్కసారి
ఆ మొదటి శబ్దం అనుకుంటూ.
ఏడోది కుదిరినట్టే అనిపించింది.
విని చెప్పడానికి కింద ఎవరూ లేరు,
కంచెమీద కాకటూలు తప్ప.
ఎనిమిదోది మళ్లీ తప్పింది.