జిగురు

నేను మీసాలు అంటించేదాన్ని.
కల్వర్ సిటీలో, స్టూడియో వెనక గేటు పక్కన
మూడో నంబరు మేకప్ గదిలో.
తెల్లారి ఐదున్నరకి నెడ్ కాబట్ వచ్చి
కుర్చీలో వెనక్కి వాలి, గడ్డం పైకెత్తి
"ఇవాళ నేనెవర్ని, ఓపల్?" అనేవాడు.
నేను కాగితం చూసి చెప్పేదాన్ని.

పొద్దున మెక్సికో బందిపోటు.
భోజనాలయ్యాక, పక్క షెడ్డులో, ఇంకో సినిమాకి
బందిపోట్లని ఉరితీయించే జడ్జి.
గుర్రం మాత్రం రెండింటికీ ఒకటే.
అది నెడ్‌ని చూసి రెండుసార్లూ ఒకేలా సకిలించింది.
"దీనికి నటన రాదు" అన్నాడు.

టీవీ వచ్చాక పని పెరిగింది, డబ్బు తరిగింది.
వారానికో చావు.
వాళ్లావిడ ఎడీల్ పచారీ పద్దు పుస్తకంలోనే
ఆ లెక్కా రాసేది.
గుడ్లు డజను. బట్టల సబ్బు.
నలభై ఒకటి: కత్తి, పొట్టలో. బాగా పడ్డాడు.
నలభై రెండు: కొండ మీంచి. అది అతను కాదు, బొమ్మ.
పాలు.

పెట్రోలు బంకు కుర్రాడు
అతన్ని ఎగాదిగా చూసి అడిగాడట
"మా మామయ్య దగ్గర ట్రక్కు కొన్నది మీరే కదూ?"
"నేనే" అన్నాడట నెడ్.
"ఇంకా బాగా నడుస్తోందని చెప్పు."
పేరు ఎవరికీ తెలీదు.
ముఖం మాత్రం అందరికీ బంధువే.

అసలు పేరు నసీబ్ ఖబ్బాజ్.
ఆ మాట చెప్పడానికి పదకొండేళ్లు పట్టింది,
అదీ పై పెదవికి జిగురు రాస్తుండగా,
నేను తిరిగి ఏమీ అడగలేని సమయం చూసి.
ఖబ్బాజ్ అంటే రొట్టెలవాడు.
ఒహైయోలో, టొలీడోలో తండ్రి కొట్టు.
రాత్రి రెండింటికి లేచి పిండి పిసికేవాళ్లు ఇద్దరూ.

అరవై ఒకటిలో అనుకుంటా, కాగితం మీద చూసి
నేనే ఒక క్షణం ఆగాను.
"ఇవాళ రొట్టెలవాడివి, నెడ్. సిరియా నుంచి వచ్చినవాడివి.
ఏడు డైలాగులు."
చాలాసేపు అద్దంలోకి చూశాడు.
"మీసం వద్దు" అన్నాడు.

కెమెరా ముందు తండ్రి గొంతుతో మాట్లాడాడు.
అంతకు ముందు నేనెప్పుడూ వినని గొంతు,
మాట చివర కాస్త మాడిన వాసన ఉన్నది.
డైరెక్టరు ఆపాడు.
"ఎవరూ అలా మాట్లాడరు, నెడ్.
పోయిన వారం బందిపోటుకి చేశావే, ఆ యాస కానీ."
సెట్టంతా నిశ్శబ్దం అయిందని రాయాలని ఉంది.
కాలేదు. ఎవరో మేకు కొడుతూనే ఉన్నారు.
నెడ్ తలూపాడు.
నా దగ్గరకొచ్చి గడ్డం పైకెత్తాడు.
పెద్ద మీసమే పెట్టాను.

పిండి పిసకడం ఎలాగో మాత్రం
ఎవరూ అతనికి చెప్పలేకపోయారు.

పోయినప్పుడు ఎడీల్ నన్ను పిలిచింది.
పెట్టె తెరిచాను. ఇరవై ఆరు మీసాలు.
ఏదీ తియ్యలేదు.
పై పెదవి మీద జిగురు తిన్న చోట
చర్మం పాలిపోయి, నున్నగా,
అద్దెకిచ్చి ఇచ్చి అరిగిపోయిన గడపలా ఉంది.
పద్దు పుస్తకం అరవై రెండు దగ్గరే ఆగింది.
ఆ కింద అంతా కూరగాయలే.

ఇప్పుడు నాకు నిద్ర పట్టదు.
రాత్రి రెండింటికి ఏదో చానల్లో
నెడ్ మళ్లీ చస్తూంటాడు.
ఎండకి చెమట పట్టి ఎడమ అంచు లేస్తోంది,
ఆ రోజు నేను చూసుకోలేదు.
మంచం దిగి వెళ్లి
బొటనవేలితో తెర మీద నొక్కుతాను.
గాజు చిటుక్కుమంటుంది.