నెల తప్పింది

టొలీడోలో మా పళ్ళ ల్యాబు.
పింగాణీ దంతాలకు రంగు దిద్దుతాను నేను,
టీ తాగేవాళ్ళకి కాస్త పసుపు,
వయసు మళ్ళినవాళ్ళకి కాస్త బూడిద.

హెచ్చార్ గదిలో మార్లీన్
క్యాలెండర్ మీద పెన్సిలుతో లెక్కపెట్టింది.
తిరిగొచ్చేదాకా ఉద్యోగం నిలిచే సెలవుకి
పన్నెండు నెలలు నిండాలట.
ప్రసవం నాటికి నావి పదకొండే.
"ఒక్క నెల," అంది, పెన్సిలు తిరగేసి
రబ్బరుతో రుద్దుతూ,
అక్కడ చెరపడానికి ఏమీ లేకపోయినా.

నాకు నవ్వొచ్చింది.
నెల తప్పిందని డిసెంబరులో ఎంత మురిశాం!
ఇప్పుడు చట్టమూ అదే మాటంటోంది.

మధ్యాహ్నం డోరీన్‌కి చెప్పాను,
గుడివాడ బస్సు కిటికీలోంచి రుమాలు పడేస్తే చాలు,
మనం ఎక్కేదాకా ఆ సీటు మనదేనని.
ఎవరూ తియ్యరా? అనడిగింది.
తీస్తే ఊరుకుంటామా, అన్నాను.

సోమవారం వెళ్ళేసరికి
నా స్టూలు మీద ఆవిడ ఊదారంగు స్వెటరు.
ఇంకా అయిదు నెలలుందే, అన్నాను.
ఉండనీ, అంది,
చేతిలో పన్ను మీంచి చూపు తిప్పకుండానే.