పదకొండు నిమిషాల అభ్రకం

సైదాపురంలో మా టాకీసు మూతబడి
పంతొమ్మిదేళ్ళు.
ఇప్పుడు మిక్సీలు బాగు చేస్తుండా.
ఆ పిల్ల షాపుకొచ్చి
"మస్తానన్నా, పదహారు ఎమ్మెమ్ ప్రొజెక్టరు
ఇంకా తిరుగుద్దా?" అనింది.
తిరుగుద్ది, బెల్టు మార్చాల, అన్నాను.

పేరు వెంగమాంబ. బొమ్మలు చదువుకుందంట,
సినిమాలు తీస్తుందంట.
హీరో ఎవరమ్మా అంటే
మీ ఊరి గని, అనింది.

గడువు దాటిన రీలు తెచ్చింది.
గడువు దాటిన మాత్రలు ఎవురన్నా మింగుతారా?
దాన్ని రాయికి కట్టి
మూసేసిన గనిగుంట నీళ్ళలోకి దించింది.
నలభై రోజులు.
మా ఇళ్ళలో పోయినోళ్ళకి
నలభయ్యో నాడు ఫాతెహా చదువుతాం.
ఆ సంగతి ఆ పిల్లకు తెలీదు,
నేనూ చెప్పలా.

పైకి తీస్తే బొమ్మల్లేవు.
నాచు, తుప్పు,
ఎక్కడ్నించి పట్టిందో మన అభ్రకం పచ్చ.

ఆపైన కూచుని
డంపులో ఏరుకొచ్చిన కాకిబంగారాన్ని
గోటితో చీల్చి, చీల్చిందాన్ని చీల్చి,
ఊపిరి తగిల్తే లేచిపోయేంత పలుచన చేసి
గడికొక పొర అతికించింది.
సెకనుకి ఇరవై నాలుగు గళ్ళు.
లెక్క వేస్తా కూచుని సగంలో వదిలేశాను.

వాళ్ళ నాయనమ్మ పెంచలమ్మ పనే ఇది.
షెడ్డులో, కొడవలితో, కూలికి.
ఆమె ఎక్స్‌రే చూసి
లోపల మంచు కురిసినట్టుందే
అన్నాడంట గూడూరు డాక్టరు.
మంచు ఎప్పుడు చూశాడో ఆయన!
ఆ ఎక్స్‌రే కూడా సన్నగా కోసి
రీలులో కలిపింది.

గ్రేడింగు షెడ్డు గోడకి సున్నం నేనే కొట్టాను.
పదిహేడు మంది వచ్చారు,
అందరూ ఒకప్పటి కోత కూలీలే,
ఒళ్ళో మరమరాల పొట్లాలు.
పాట లేదు, మాట లేదు,
నా ప్రొజెక్టరు దగ్గు ఒకటే.
గోడ నిండా పొర వెనక పొర,
పొర లోపల ఏదో
పురుగో, పగులో, పెంచలమ్మ పక్కటెముకో.

కథ లేదని లేచిపోతారనుకున్నా.
మూడో నిమిషంలో చెంచమ్మ అనింది:
"ఇది మచ్చ సరుకు."
పక్కనామె: "ఆగు మే, ఇప్పుడొచ్చింది చూడు,
నీళ్ళు తేరినట్టుండాది. ఒకటో నంబరు."
"ఇది రేడియోకి."
"ఇది ఇస్త్రీపెట్టెకి."
"ఇది డంపుకి పోవాల్సిందే."
మేస్త్రీ లేడు, తూకం లేదు,
వెలుతుర్ని గ్రేడు చేస్తా
మరమరాలు తినడం మర్చిపోయారు.

తొమ్మిదో నిమిషంలో
ఒక పొర గేటులో ఇరుక్కుంది.
గడి ఆగింది.
గోడ మధ్యన గోధుమరంగు చుక్క, పెద్దదవతా.
నా చెయ్యి స్విచ్చు మీదికి
దానంతటదే పోయింది.
ఒకసారి ఇట్టే కాలిందని
ఓనరు నా నెల జీతం కోశాడు.
వెంగమాంబ మణికట్టు పట్టుకుంది.
"కాలనీ అన్నా."

కాలింది.
ఫిల్ము బుడగలెత్తి, ముడుచుకుని, కారిపోయింది.
అభ్రకం కాలదు గదా.
అది మాత్రం నిలబడింది
గోడంత వెడల్పున,
నరాలతో సహా.

చెంచమ్మ లేచి గోడ దగ్గరికి పోయింది.
బొటనవేలి గోరు ఆనించి
పొర అంచు కోసం తడుముతుండాది.
వెలుతురంతా ఆమె వీపు మీద, జాకెట్టు కుట్ల మీద.
చానాసేపు వెతికి
"అంచు దొరకట్లేదు మే" అనింది,
తప్పు తనదైనట్టు.

మిగతా రెండు నిమిషాల్లో ఏముండాదో
వెంగమాంబ చెప్పలేదు, నేనడగలా.
గేటు తెరిచి ఆ పొర తీశాను.
వేలు చురుక్కుమనింది.

ఇప్పుడది నా బిల్లుల పుస్తకంలో ఉంటది.
మిక్సీ తెచ్చినోళ్ళు
ఏంది భాయ్ ఇది అంటే,
ఇస్త్రీపెట్టెది, అంటాను.