నేను చేసిచ్చిన వేలు

మనామా ఎగ్జిబిషన్ రోడ్డులో
ఆ హోటలు రెండో అంతస్తున
పద్నాలుగేళ్లు నిలబడి వాయించాడు హనోకు,
స్టేజీకి ఎడమపక్క, స్పీకరు నీడలో.
ఫొటోల్లో ఎప్పుడూ సగమే పడేవాడు:
ఒక భుజం, నాలుగు తీగల మెడ, ఒక బూటు.

వంతెన దాటి గురువారం రాత్రి వచ్చేవాళ్లు
మరిసెల్ గొంతు కోసం వచ్చేవాళ్లు,
నిహాల్ జుట్టు కోసం వచ్చేవాళ్లు.
"బేసు కోసం ఎవడొస్తాడు బావా,
ఓడ అడుగు చూసేది నువ్వొక్కడివే" అనేవాడు.

నిజమే, నేను హిద్ద్ డ్రైడాకులో టర్నర్ని.
నీళ్లు తోడేశాక
ఓడ పొట్టకి ఎంత నాచు పడుతుందో ఎరుగుదును.
అందుకేనేమో
అతని వాయింపు నాకు ముందు కడుపులో వినపడేది,
తర్వాతే చెవిలో.
గ్లాసులో పెప్సీ సన్నగా వణికేది.

ఒక రంజాను నెల మూతపడి
మళ్లీ తలుపులు తెరిచేసరికి
కొత్త కీబోర్డు దిగింది.
దాని ఎడంచేతి కిందే బేసు ఉందట.
జీతం అడగదు, వీసా అడగదు, జలుబు చెయ్యదు.
మేనేజరు మంచివాడే,
టీ తెప్పించి మరీ చెప్పాడు.

సిత్రాలో టైల్సు గోదాము.
స్టోర్‌కీపరు హనోకు
పెట్టెలు నాలుగేసి చొప్పున లెక్కపెట్టేవాడు:
ఒకటీ రెండూ మూడూ నాలుగూ,
ఒకటీ
రెండూ

ఇంటికెళ్లిపోతూ డ్రమ్ముల ఎవరిస్టో
బరువెక్కువని వదిలేసిపోయాడొక హవాయి గిటారు,
ఒళ్లో పడుకోబెట్టి వాయించేది.
జార్చే ఉక్కు ముక్క మాత్రం పోయింది.
"ఒక వేలు చేసిపెట్టు బావా,
కణుపులు లేనిది" అన్నాడు.

ప్రొపెల్లరు షాఫ్టు కోసిన ముక్క ఒకటుంటే
లంచి టైములో లేతుకెక్కించాను.
బరువెక్కువైంది, మళ్లీ తిప్పాను.
గీత మిగిలితే తీగ గీపెడుతుందన్నాడు,
నాలుగువందల కాగితం, ఎనిమిదివందలది, ఆపైన గుడ్డ,
నా మొహం నాకే కనపడేదాకా.

ముందు నెల్లాళ్లూ పిల్లుల గోల.
పక్కగది పఠాను గోడ బాదాడు.
మెట్లమీద కొలిచి అడుగేసిన వాడికి
మెట్లు తీసేసి జారుడుబల్ల ఇచ్చినట్టు:
వెంట్రుకవాసి అటు, వెంట్రుకవాసి ఇటు,
స్వరం గుమ్మం దాకా వెళ్లి
పక్కింటి తలుపు కొట్టేవాడు.
"యాభై దాటాక పాకుతున్నాను చూడు" అని నవ్వాడు.

గుదైబియా విల్లాలో శుక్రవారం ప్రార్థన.
"కొంచెం తక్కువ ఏడిపించు బాబూ" అన్నారు పాస్టరుగారు.
అరబ్బీల ఇంట వంటచేసే సత్తెనమ్మ
చెప్పులు వేసుకుంటూ ఆగింది.
"అది ఏడవట్లేదండీ,
మాట నోటిచివరదాకా వచ్చి ఆగిపోతోంది."
ఆ వారమంతా హనోకు
ఆ ఒక్క ముక్కే చెప్పుకు తిరిగాడు.

మొన్న ఆగస్టులో కరెంటు పోయింది.
ముహరఖ్ మొత్తం ఏసీలు ఒక్కసారిగా నోరుమూసుకున్నాయి.
చీకట్లో, చెమటలో
అతను నా కడ్డీని లావుతీగ మీద కిందికి జార్చాడు,
ఇంకా కిందికి,
ఒకచోట
మేకుకి వేలాడుతున్న పాత బేసు
ఈగ రెక్కంత మోగింది, ఎవరూ ముట్టకుండానే.

హనోకు గోడవైపు తిరగలేదు.
"వాడింకా నిద్రపోలేదు" అన్నాడు.

అంతలో కరెంటొచ్చింది.
ఏసీ మొదలెట్టింది,
ఇక మాకేమీ వినపడలేదు.