బండి ఱ

మా జేజి మొగిలమ్మకు ఉలి లేదు.
నోరుండేది.
గుడిపాల పక్కన బోడిమిట్ట కింద
రోళ్లు, సన్నికల్లు, ఆవులు తాగే తొట్లు
అన్నీ నోటితోనే తీసేది.
రోలుకు నాలుగు మానికల రాగులు కూలి.
తొట్టికయితే ఒక పొట్టేలు, అదీ ఇస్తే.

దాన్ని నోటికొలిమి అనేవాళ్లు మావాళ్లు.
పొద్దున్నే కానుగ పుల్లతో పండ్లు తోమి,
సద్ది ముట్టకుండా,
బండకు చెవి ఆనించి
చాలాసేపు ఊరికే కూచోవాల.
వినకుండా పలికితే
రాయి పగలదు, పన్ను పగులుతుంది.
మా మేనత్త ముందు పన్ను అట్లా పోయిందే.

బెల్లానికి ల్ల.
పాకం దిగినాక నాలుక మడిచి పట్టుకుంటే
దిమ్మె కడుతుంది.
ఇనుముకు ముక్కులోంచి రావాల.
మట్టికి అక్షరమే లేదు, ఉఫ్ అంటే చాలు,
అది ఎవురు చెప్పినా వింటుంది.
రాయికి మాత్రం బండి ఱ.

జేజి ఱాయి అంటే
బరువు బండి ఒకటి వంకలోకి దిగినట్లుండేది,
ఇరుసు మూలిగి, చక్రం గులక మీద ఒరిగి.
ఆ మూలుగు ఆగేలోపల
రాయి తానెవరో మరిచిపోతుంది.
వేళ్లు పెడితే దిగుతాయి,
వేడి సంగటిలోకి దిగినట్లు.
"దానికి మఱపు పెట్టినానబ్బోడా" అనేది.
"ఊపిరి పట్టినంత సేపే.
మఱపులో కూడా ఆ అక్షరమే ఉండాది చూడు."
ఆ తర్వాత దానికి గుర్తొస్తుంది.
మళ్లీ రాయవుతుంది,
ఈసారి రోలు ఆకారంలో.

రెండో తరగతిలో దొరసామి అయ్యవారు
నా పలక మీది ఱ ను ఎంగిలి వేలితో తుడిచేసినాడు.
"ఇది ఇప్పుడు లేదురా. మామూలు ర రాయి."
రాయి అనే రాసినా.
పదికి పది.
ఆ సాయంత్రం బండకాడ నోరు తెరిస్తే
అప్పు అడగొచ్చినోణ్ణి చూసినట్లు చూసింది బండ.

తర్వాత కంపెనీ వచ్చింది.
వజ్రాల తీగ పొద్దస్తమానం ఒకే కూత కూస్తుంది,
దానికి అక్షరంతో పనిలేదు.
నేను కంప్రెసర్ కాడ ఉండా.
ఎడమ చెవి వినపడదు. కుడిది పండగలకు.
నల్ల దిమ్మెలు ఎత్తుకొని షణ్ముగం లారీ
మద్రాసు రేవుకు పోతాది.
వాటికి ఎవురూ ఏమీ చెప్పి పంపరు.

జేజికి గొంతులో గడ్డ లేచింది.
వేలూరు పెద్దాసుపత్రిలో గొంతు తీసేసి
మెడలో బొక్క పెట్టినారు.
ఇప్పుడు ఆమె మాట్లాడితే గాలి.
మట్టి వినే మాట ఒకటే మిగిలింది.
దినామూ నాలుగు ప్రమిదలు చేసి
వాకిట్లో ఆరబెడుతుంది.

మొన్న ఆదివారం
నా కూతురు మోక్షిత, ఆరేళ్లది,
ముందు పండ్లు రెండూ ఊడినాయి,
రోటి మీదెక్కి పాఠం చదువుతా ఉండాది.
గుర్రం అనబోయి నాలుక జారింది.

గుఱ్ఱం.

కింద రోలు సీతాఫలం మాదిరి
చప్పుడు లేకుండా రెండుగా విచ్చుకుంది.
బిడ్డ మన్నులో కూలబడింది. ఏడవలేదు.
లోపలి రాయి తడిగా ఉంది.
పొత్రం ఎప్పుడూ ముట్టని లోతులో
జేజి నాలుగు వేళ్ల గుర్తులు.

ఆమె గోడ పట్టుకుంటా వచ్చి
బిడ్డ నోరు తెరిపించి
చిగుళ్ల మీద వేలు పెట్టి చూసింది.
మెడ బొక్కలోంచి ఉఫ్ మనింది.
నవ్విందో, ఏమన్నా చెప్పిందో.

తెల్లగా కొన కనపడతాంది.
ఇంకో నెలలో పన్నొస్తాది,
మామూలు ర చక్కగా పలుకుతాది.
రాత్రిపూట బిడ్డ నిద్రపోయినాక
సెల్లు లైటు వేసి చూస్తాండా.
తొందరగా రావాలని మొక్కుకోవాలో
నిదానంగా రమ్మనాలో తెలీక,
పిండి పక్కింటోళ్ల గ్రైండర్లో రుబ్బించుకుంటాండాం.

రోటి చెక్కలు రెండూ వాకిట్లోనే ఉండాయి.
వాననీళ్లు నిలిస్తే కోళ్లు తాగుతాయి.
బొల్లి పెట్ట ఒకటి, తాగినాక తల పైకెత్తి
గొంతు ఒకసారి అట్లా ఆడిస్తుంది.