ఇష్కె

ఈతమ్మ అనేవాళ్లం.
అసలు పేరు సిస్టర్ ఈటా.
నీళ్లు లేని ఊరికి ఈత పేరుతో వచ్చిందని
మాలకొండమ్మ వాళ్ల నాయన నవ్వేవాడు.

కందుకూరికి ఇవతల, మన్నేటి ఒడ్డున
పెంకుల కప్పు, పదకొండు గదులు,
ఆడపిల్లల హైస్కూలు.
గంట బదులు వేలాడే రైలుపట్టా ముక్క.
పొద్దున్నే జపమాల, ఆ తర్వాత బీజగణితం,
రెండూ తెలుగులోనే.

ళ ఆమె నోటికి లొంగేది కాదు.
నీల్లు అనేది, పల్లెం అనేది.
ణ దగ్గర ఆగి, ఊపిరి తీసుకుని
గడప దాటే ముసలమ్మలా
జాగ్రత్తగా కాలు అవతల పెట్టేది.
కిరణజన్య సంయోగక్రియ మాత్రం
తడబడకుండా చెప్పేది.
అందులోని ఆ ఒక్క ణ కోసం
ఎన్ని రాత్రులు లాంతరు కాల్చిందో.

ఆకలైతే, "నా మీద ఆకలి ఉంది."
జలుబు చేస్తే, "నా మీద జలుబు ఉంది."
మేం పడీ పడీ నవ్వినా
దిద్దుకునేది కాదు.
"మా భాషలో అంతే పాపా,
అన్నీ మన మీదికొచ్చి కూచుంటాయి,
కాసేపుండి లేచి పోతాయి."

మా భాష అంటే ఇంగ్లీషనుకున్నాం.
కాదంది.
సముద్రాల ఆ చివర, రాళ్లూ వానా తప్ప
ఏదీ సరిగా పండని చోట
ఆమె చదివిన బడీ మఠం వాళ్లదే, ఆడపిల్లలదే.
భూగోళం, లెక్కలు, కుట్టుపని
అన్నీ ఊళ్లో అవ్వలు పోట్లాడుకునే మాటల్లోనే.
"ఆ మాటలు కూడు పెట్టవని అందరూ చెప్పారు.
నిజమే, పెట్టలేదు.
అందుకే ఇక్కడికొచ్చా" అని
నవ్విందో, నవ్వలేదో.

ఒక్క మాట చెప్పమని గౌస్యా బతిమాలింది.
కూజా చూపించి "ఇష్కె" అంది.
ఇసకా?
కాదు, నీల్లు.
ఇసకే గదా సిస్టర్!
క్లాసు క్లాసంతా బల్లలు చరిచింది.

ఆ సాయంత్రం ఆమెను ఏట్లోకి లాక్కుపోయాం
నలభై మందిమి, చెప్పుల్లేకుండా.
ఏప్రిల్ నెల. మన్నేరంతా తెల్లగా కాలుతోంది.
ఇన్నమ్మ మోకాళ్ల మీద కూచుని
కుక్కపిల్లలా రెండు చేతుల్తో చెలమ తోడింది.
మూరెడు లోతున చెమ్మ.
ఇంకో జానెడు.
బురద తేరుకునేదాకా
ఎవరం మాట్లాడలేదు.
ఈతమ్మ వంగి దోసిలి పట్టింది.
వేళ్ల సందుల్లోంచి నీళ్లు జారి
అరచేతిలో ఇసక మిగిలింది.
దాన్నే చాలాసేపు చూసి
"మీరు చెప్పిందే కరెక్టు" అంది.

ఇప్పుడు ఆ బల్లల ముందు నేను.
పదో తరగతి, తెలుగు మీడియం, ఏడుగురు పిల్లలు.
వచ్చే జూన్ నుంచి ఈ సెక్షన్ ఉండదు.
ఎవర్ని తిట్టను?
నా కూతుర్ని నేనే ఒంగోలు పంపా, ఇంగ్లీషు బడికి.
ఫీజు రసీదులు బీరువాలో ఇంకా ఉన్నాయి,
ఎందుకు దాచానో తెలీదు.

బయట రంగులాయన నిచ్చెనెక్కి
బోర్డు మీద బాలికోన్నత గీకేస్తున్నాడు.
ఉన్నత పోయింది, బాలిక సగం మిగిలింది.
ఏట్లో ట్రాక్టర్లు తోడి తోడి
అడుగున బంకమన్ను తేలింది.
చెలమ తీద్దామన్నా ఇసకేదీ.

మఠం వెనక ఆమె సమాధి రాయి మీద
చెక్కినాయన ఏం విన్నాడో, ఏమనుకున్నాడో
సిస్టర్ ఈత అని చెక్కాడు.
ఎవరూ దిద్దించలేదు.

ఈ మధ్యాహ్నం ఆఖరి పాఠం అయిపోయాక
ముందు బల్లలో పెంచలమ్మ అడిగింది,
"ఏంది మేడం, అట్టా ఉన్నారు?"
ఏం లేదమ్మే అనబోయి
"నా మీద దిగులుంది" అన్నాను.

పిల్లలు కిసుక్కుమన్నారు.
నవ్వనిచ్చాను.